చార్మినార్‌ను నిలబెట్టిన సున్నం: దక్కన్‌లో గచ్చు పని, పాత మసీదుల మరమ్మతు

1591లో మహమ్మద్ కులీ కుతుబ్ షా చార్మినార్ కట్టించినప్పుడు ఇప్పటి సిమెంటు ప్రపంచంలో ఎక్కడా లేదు. ఇంగ్లండ్‌లో జోసెఫ్ ఆస్ప్‌డిన్ అనే తాపీ మేస్త్రీ పోర్ట్‌లాండ్ సిమెంటుకు పేటెంటు తీసుకున్నది 1824లో. అప్పటికే చార్మినార్ వయసు 233 ఏళ్లు. ఒక్కో మినార్‌లో 149 మెట్లు, పైన మసీదు, నాలుగు వైపులా నాలుగు పెద్ద కమాన్లు. ఇంత బరువునూ మోసింది గ్రానైట్ రాయి, సున్నం, ఇసుక. మక్కా మసీదు, గోల్కొండ ఖిల్లా, కుతుబ్‌షాహీ గుంబజ్‌లు, పాయెగా సమాధులు, పాతబస్తీ దేవిడీలు అన్నిటికీ పునాది ఆ సున్నమే.

ఈ సంగతి ఇప్పుడు తెలుసుకోవాల్సిన అవసరం ఒకటుంది. హైదరాబాద్‌లోనే కాదు, కర్నూలు, కడప, వరంగల్, నల్గొండ వంటి చోట్ల కూడా వందల ఏళ్ల నాటి మసీదులు, దర్గాలు, ఆషూర్‌ఖానాలు ఉన్నాయి. గోడకు చెమ్మ పట్టిందనో, పూత రాలిందనో కమిటీ వాళ్లు చందాలు పోగుచేసి మంచి మనసుతో మరమ్మతు చేయిస్తారు. పాత గచ్చు గీకేసి, సిమెంటు ప్లాస్టరింగ్ చేసి, పైన ఆయిల్ పెయింట్ వేస్తారు. రెండేళ్లు తళతళలాడుతుంది. ఆ తర్వాత పెచ్చులు ఊడటం మొదలవుతుంది, ఈసారి లోపలి రాయి, ఇటుక కూడా పొడిపొడిగా రాలుతుంది. చాలామంది దీన్ని పాత గోడ బలహీనత అనుకుంటారు. కానీ ఎక్కువ సందర్భాల్లో తప్పు గోడది కాదు, దాని మీద వేసిన సిమెంటుది.

మాటల్లోనే చరిత్ర

ఈ పనిలో రెండు సంప్రదాయాలు ఎలా కలిశాయో తెలుగు మాటల్లోనే కనిపిస్తుంది. ఇంట్లో నున్నటి నేలను తెలుగువాళ్లు గచ్చు అంటారు, అది ఫార్సీ ‘గచ్’. కమాను అంటే ఫార్సీలో విల్లు. గుంబద్ తెలుగులో గుమ్మటం అయింది. కోట బురుజు అరబ్బీ ‘బుర్జ్’ నుంచి, మరమ్మతు కూడా అరబ్బీ నుంచే వచ్చాయి. ఎర్ర ఇటుక పొడిని సుర్ఖీ అంటారు, సుర్ఖ్ అంటే ఎరుపు. మేస్త్రీ అనే మాట పోర్చుగీసు వాళ్ల దగ్గర్నుంచి వచ్చింది. సున్నం, గానుగ, డంగు మాత్రం ఇక్కడి పనివాళ్ల నోటి మాటలే. ఇరాన్ నుంచి వచ్చిన ఆలోచనాపరులు, ఇక్కడి రాయి, ఇక్కడి చేతులు కలిస్తేనే దక్కన్ కట్టడం తయారైంది. హైదరాబాద్ నగర రూపకల్పనలో పెద్ద పాత్ర ఉందని చెప్పే మీర్ మోమిన్ అస్త్రాబాదీ ఇరాన్ నుంచి వచ్చినవారే.

దూలం నుంచి కమాను దాకా

కుతుబ్ షాహీల కన్నా ముందు ఈ నేల మీద గొప్ప కట్టడాలు లేవని కాదు. హనుమకొండ వేయి స్తంభాల గుడి 1163 నాటిది. 1213 నాటి రామప్ప గుడి శిఖరానికి వాడిన ఇటుకలు నీళ్లలో తేలేంత తేలిక. ఆ గుడికి 2021లో యునెస్కో ప్రపంచ వారసత్వ గుర్తింపు వచ్చింది. అయితే అక్కడి పద్ధతి వేరు: రెండు స్తంభాలు, వాటి మీద అడ్డంగా ఒక రాతి దూలం. రాయికి నొక్కుడును తట్టుకునే బలం బాగా ఉంటుంది, లాగుడును తట్టుకునే బలం తక్కువ. దూలం పొడుగయ్యే కొద్దీ మధ్యలో వంగబోయి అడుగున పగులుతుంది. అందుకే స్తంభాలు దగ్గర దగ్గరగా పెట్టాలి, లోపల ఖాళీ తక్కువగా వస్తుంది.

కమాను ఈ చిక్కును దాటిస్తుంది. ఆప్పు ఆకారంలో, అంటే ఒక కొస వెడల్పుగా ఇంకో కొస సన్నగా చెక్కిన రాళ్లను విల్లులా పేరిస్తే పైబరువు ప్రతి రాయినీ పక్క రాయి మీదకు నొక్కుతుంది. అలా పక్కలకు జారుకుంటూ గోడలోకి, నేలలోకి దిగిపోతుంది. లాగుడు అన్నదే ఉండదు. కట్టేటప్పుడు మాత్రం కింద చెక్క చట్రం ఉండాలి. నడి రాయి కూర్చుని సున్నం పట్టుకున్నాక చట్రం తీసేస్తారు.

ఈ విద్య రాత్రికి రాత్రి రాలేదు. ఢిల్లీలో కుతుబ్ మినార్ పక్కనున్న మసీదుకు 1190ల చివర్లో తెర గోడ కట్టిన స్థానిక శిల్పులు కమాను రూపం తెచ్చారు, కానీ పద్ధతి తమ పాతదే. ఒక్కో రాతి వరుసను కాస్త కాస్త ముందుకు జరుపుతూ పోయి పైన కలిపారు. చూడటానికి కమానే, పనిచేసే తీరు కాదు. ఢిల్లీలో అసలైన కమానుకు చరిత్రకారులు సాధారణంగా చూపే తొలి ఉదాహరణ 1287 ప్రాంతంలోని బల్బన్ సమాధి. 1311 నాటి అలాయ్ దర్వాజా వచ్చేసరికి చేతులు పూర్తిగా తిరిగాయి. దక్కన్‌లో ఈ పద్ధతి బహమనీల గుల్బర్గా, బీదర్ మీదుగా గోల్కొండకు చేరింది.

చదరపు గది మీద గుండ్రటి గుమ్మటం ఎలా కూర్చుంటుంది అన్నది ఇంకో ప్రశ్న. నాలుగు మూలలకూ అడ్డంగా నాలుగు చిన్న కమాన్లు వేస్తే చదరం ఎనిమిది పలకలవుతుంది. మళ్లీ ఆ మూలలకు కమాన్లు వేస్తే పదహారు పలకలు. అప్పటికి అది దాదాపు వృత్తమే, దాని మీద గుమ్మటం లేస్తుంది. ఏ పాత దర్గాలోనైనా నిలబడి తలెత్తి చూస్తే ఈ లెక్క కంటికి కనిపిస్తుంది.

దక్కన్‌లో ఇందులో అందరికన్నా పెద్ద సాహసం బీజాపూర్ వాళ్లది. 1656లో చనిపోయిన మహమ్మద్ ఆదిల్ షా సమాధి గోల్ గుంబజ్. దాని గుమ్మటం బయటి వ్యాసం సుమారు 44 మీటర్లు, లోపల ఒక్క స్తంభమూ లేదు. ఒకదాన్నొకటి కోసుకుంటూ వెళ్లే ఎనిమిది కమాన్లు దాన్ని మోస్తున్నాయి. గుమ్మటంలో ఇటుకలకు మధ్య సున్నం పొరలు ఎంత మందంగా ఉన్నాయంటే, దాన్ని ఇటుక కట్టడం అనేకన్నా ఇటుకలు పొదిగిన సున్నపు కాంక్రీటు పెంకు అనడమే సరి. కర్నూల్లో హంద్రీ ఒడ్డున ఉన్న అబ్దుల్ వహాబ్ ఖాన్ సమాధిని ఊరివాళ్లు గోల్ గుమ్మజ్ అనే పిలుస్తారు.

రాయి మళ్లీ రాయి అవుతుంది

సున్నపురాయిని బట్టీలో సుమారు 900 డిగ్రీల వేడిలో కాలిస్తే అందులోని బొగ్గుపులుసు వాయువు, అంటే కార్బన్ డయాక్సైడ్, బయటికి పోతుంది. మిగిలేది పొడి సున్నం. దానికి నీళ్లు తగిలితే బుసబుసమని ఉడుకుతుంది, నీళ్లు మరిగేంత వేడి పుడుతుంది. అందుకే సున్నపు తొట్టి దగ్గరికి పిల్లల్ని పోనివ్వరు. ఇలా చల్లారిన సున్నాన్ని నీళ్లలో వారాలు, వీలైతే నెలలు నాననిస్తారు. ఎంత నానితే అంత వెన్నలా వస్తుంది. పల్నాడులోని పిడుగురాళ్ల ఈ బట్టీలకే పేరు, ఆ చుట్టుపక్కల సున్నపురాయి అంత విస్తారంగా ఉంది.

నానిన సున్నానికి ఇసుక, సుర్ఖీ కలిపి గుండ్రటి రాతి గాడిలో పోస్తారు. ఆ గాడిలో ఎద్దులు తిప్పే రాతి చక్రం దాన్ని నలుగగొడుతుంది. గానుగ సున్నం, డంగు సున్నం అనే పేర్లు అందుకే వచ్చాయి. పాత కోట గురించి ఊళ్లో ఎవరినడిగినా ‘డంగు సున్నంతో కట్టింది, గునపం దిగదు’ అంటారు. ఆ మాటలో అతిశయోక్తి తక్కువే.

గోడకెక్కిన తర్వాత అసలు పని మొదలవుతుంది. బట్టీలో పోగొట్టుకున్న వాయువునే సున్నం గాలి నుంచి మెల్లగా తిరిగి పీల్చుకుంటుంది, మళ్లీ సున్నపురాయి అవుతుంది. మందపాటి గోడ లోపల ఇది ఏళ్ల తరబడి సాగుతుంది. అందుకే సున్నపు గోడ కట్టిన నాటికన్నా యాభై ఏళ్ల తర్వాత గట్టిగా ఉంటుంది. సుర్ఖీ కలిపితే ఇంకో లాభం: కాల్చిన మట్టి సున్నంతో కలిసి చెమ్మలో కూడా గట్టిపడుతుంది. రోమన్లు ఇదే పని అగ్నిపర్వతపు బూడిదతో చేశారు. రోమ్‌లో పాంథియాన్ గుమ్మటం, వ్యాసం 43 మీటర్లకు పైనే, దాదాపు 1,900 ఏళ్లుగా ఇనుప చువ్వ లేకుండా నిలిచి ఉంది.

ఇక బెల్లం, కరక్కాయ, మారేడు గుజ్జు, మినప్పిండి, గుడ్డు తెల్లసొన సంగతి. ఇవి కలిపారంటే కొందరు కట్టుకథ అనుకుంటారు, కొందరు ఇందులోనే మహత్యమంతా ఉందనుకుంటారు. రెండూ కాదు. కరక్కాయ, బెల్లం కొన్ని రోజులు నానబెట్టిన నీళ్లు సున్నాన్ని తొందరగా ఆరనివ్వవు, పని చేయడానికి వీలుగా ఉంచుతాయి. మారేడు గుజ్జు, మినుముల జిగురు పట్టుదల పెంచుతాయి. తెల్లసొన చివరి పూతకు నునుపు తెస్తుంది. ఎంత, ఎప్పుడు అన్నది మేస్త్రీ చేతికి తెలిసిన విద్య, అందుకే ఒక్కో ఊళ్లో ఒక్కో పాళ్లు.

గ్రానైట్ మొండికేస్తే

ఢిల్లీ, ఆగ్రాల్లో ఎర్ర ఇసుకరాయి, పాలరాయి దొరికాయి, నగిషీ రాయి మీదే చెక్కారు. గోల్కొండ చుట్టూ ఉన్నది గ్రానైట్. అది ఉలికి అంత తేలిగ్గా లొంగదు. మక్కా మసీదుకు 1617లో పునాది పడితే పూర్తయింది 1694లో, ఔరంగజేబు కాలంలో. ఆ మసీదు ఖిబ్లా వైపు గూటి రాయి ఒక్కదాన్ని తొలచడానికి ఐదారు వందల మందికి ఐదేళ్లు పట్టిందని, తరలించడానికి 1,400 ఎద్దులు కావాల్సి వచ్చిందని ఫ్రెంచి వజ్రాల వ్యాపారి టావెర్నియే రాశాడు.

కాబట్టి దక్కన్ పనివాళ్లు తెలివైన దారి ఎంచుకున్నారు. గోడ గ్రానైట్‌తో, అలంకారం సున్నంతో. తడిగా ఉన్న గచ్చు మీద పూలు, తీగలు, జాలీలు, గుమ్మటం మొదట్లో తామర రేకులు చేత్తోనే తీర్చారు. చివరి పూతను నున్నటి రాయితో రుద్ది రుద్ది పాలరాయిలా మెరిపించారు. చార్మినార్ మీద కనిపించే ప్రతి పువ్వూ ఇలాంటిదే. ఈ పనిని తీరిగ్గా చూడాలంటే కార్వాన్‌లోని టోలీ మసీదుకు వెళ్లాలి. 1671లో మూసా ఖాన్ కట్టించిన ఈ మసీదును దమ్‌డీ మసీదు అని కూడా అంటారు. మక్కా మసీదు పనికి ఖర్చయిన ప్రతి రూపాయికీ ఒక దమ్‌డీ ఆయనకు దక్కేదని, ఆ సొమ్ముతోనే ఇది కట్టాడని కథ. కథ ఎలా ఉన్నా, గచ్చు నగిషీలో దీనికి సాటి వచ్చేవి నగరంలో తక్కువ. ఆ తర్వాతి కాలంలో పాయెగా సమాధుల జాలీలు ఆ విద్యను ఇంకో మెట్టు ఎక్కించాయి.

నగిషీ సున్నంలోనే ఉంది గనుక గచ్చు గీకేస్తే కళ మొత్తం పోతుంది, కింద మిగిలేది మొండి రాయి. ‘ప్లాస్టరింగే కదా, కొత్తది వేద్దాం’ అనడం ఇక్కడ కుదరదు.

సిమెంటు చేసే చేటు

సిమెంటు చెడ్డదని ఎవరూ అనరు. కొత్త ఇంటికి, చువ్వలతో వేసే స్లాబుకు అది సరైనదే. చిక్కంతా పాత గోడతో దాన్ని కలపడంలో ఉంది.

పాత గోడల కింద చెమ్మను ఆపే పొర ఉండదు. నేలలోని నీరు గోడలోకి పైకి పాకుతుంది, వాన నీరు పక్కల నుంచి దిగుతుంది. సున్నపు పూతకు కంటికి కనపడని రంధ్రాలుంటాయి, ఆ నీరు ఆవిరై బయటికి పోతుంది. గోడ ఊపిరి పీలుస్తుంది అని మేస్త్రీలు అనేది ఇదే. సిమెంటు ఆ దారి మూసేస్తుంది, పైన ఆయిల్ పెయింట్ వేస్తే తాళం పడినట్టే. లోపల చిక్కుకున్న నీరు ఇంకా పైకి ఎక్కుతుంది. మునుపు అడుగు ఎత్తులో ఉన్న చెమ్మ ఛాతీ ఎత్తుకు వస్తుంది. నీటితో వచ్చిన ఉప్పు పూత వెనక గడ్డకట్టి ఉబ్బుతుంది, రాయి పైపొరను, ఇటుకను పొడి చేస్తుంది. ఊళ్లలో గోడకు చౌడు పట్టిందంటారు, పాతబస్తీలో లోనా లగ్ గయా అంటారు. దానికి విరుగుడని మళ్లీ ఇంకో సిమెంటు పూత వేస్తారు!

రెండో సంగతి, సిమెంటు మరీ గట్టిది. ఎండకు, చలికి గోడ కాస్త కదులుతుంటుంది. సున్నం ఆ కదలికతో సర్దుకుపోతుంది, సన్నటి పగుళ్లను కొంతవరకు తానే పూడ్చుకుంటుంది కూడా. సిమెంటు సర్దుకోదు, పగులుతుంది లేదా పక్కనున్న రాయిని పగలగొడుతుంది. మరమ్మతు పేరుతో గోడలో దించిన ఇనుప చువ్వలైతే తుప్పు పట్టి ఉబ్బి రాయిని చీలుస్తాయి.

సున్నానికి చావు లేదని కూడా అనుకోవద్దు. 2019 మే 1 రాత్రి చార్మినార్ నైరుతి మినార్ నుంచి గచ్చు నగిషీ ముక్క ఒకటి ఊడిపడింది. అదృష్టం, ఎవరికీ ఏమీ కాలేదు. వానలు, వాహనాల అదురు, పొగ మధ్య నిలబడిన కట్టడానికి ఎప్పటికప్పుడు చూపు, పూత కావాలి. తేడా ఏమిటంటే సున్నపు పూత పాడైతే పూతే పోతుంది, కింది రాయి దక్కుతుంది.

దీనికి కళ్లముందున్న రుజువు గోల్కొండ పక్కన కుతుబ్‌షాహీ సమాధుల ఆవరణ. 2013లో ఆగాఖాన్ ట్రస్ట్ ఫర్ కల్చర్, రాష్ట్ర పురావస్తు శాఖ కలిసి అక్కడ పని మొదలుపెట్టాయి. 20వ శతాబ్దంలో మరమ్మతు పేరుతో వేసిన సిమెంటు పొరలను తీయించి, సున్నంతో పాత పద్ధతిలోనే మళ్లీ పూత వేయించారు. అదే ఏడాది వానలకు బడీ బావ్లీ ఒక వైపు కూలిపోతే దాన్నీ రాయి, సున్నంతోనే నిలబెట్టారు. ఆ మెట్ల బావుల పనికి 2022లో యునెస్కో ఆసియా పసిఫిక్ వారసత్వ అవార్డుల్లో ‘డిస్టింక్షన్’ దక్కింది. అంతకు ముందు 2010లో చౌమహల్లా ప్యాలెస్ పునరుద్ధరణకూ యునెస్కో అవార్డు వచ్చింది.

కమిటీ వాళ్లు పని మొదలుపెట్టే ముందు

మొదట చూడాల్సింది గోడను కాదు, నీటిని. చాలా మసీదుల్లో చెమ్మకు కారణం వజూఖానా కాలువ గోడకు ఆనుకుని ఉండటం, పైకప్పు తూము పూడిపోవడం, ఏసీ పైపు నీళ్లు గోడ మీదే కారడం, లేదా బయట రోడ్డు ఎత్తు పెరిగి మసీదు నేల పల్లంలో పడటం. నీటికి దారి చూపిస్తే సగం జబ్బు అక్కడే తగ్గుతుంది, పెద్ద ఖర్చూ కాదు. గుమ్మటం మీద, మినార్ సందుల్లో మొలిచిన రావి, మర్రి మొక్కలను వేళ్లు లోపలికి దిగకముందే తీయించాలి. వేరు లావైన తర్వాత లాగితే రాళ్లు కూడా వెంట వస్తాయి.

తర్వాత వేళ్లతో గోడను తట్టి చూడాలి. డొల్లగా మోగితే పూత గోడను వదిలేసిందని అర్థం. డొల్ల ఉన్నంత వరకే తీయాలి, గట్టిగా ఉన్న పాత గచ్చును ముట్టుకోకూడదు. పాత సిమెంటు తీసేటప్పుడు బ్రేకర్ మెషిన్ వద్దు, చిన్న ఉలితో మెల్లగా తీయించాలి. సిమెంటు తీశాక గోడను కొన్ని వారాలు అలాగే వదిలేయాలి, ఏళ్ల నాటి చెమ్మ బయటికి రావాలి. పనికి పిలిచిన మేస్త్రీని సున్నం ఎన్నాళ్లు నానబెడతారు, ఒక్కో పూత ఎంత మందం వేస్తారు, మధ్యలో ఎన్ని రోజులు ఆగుతారు అని అడగాలి. ‘సున్నంలో కొంచెం సిమెంటు కలుపుదాం, తొందరగా పడుతుంది’ అనేవారు దొరుకుతారు. కొంచెం సిమెంటుతోనే సున్నపు గుణం చాలావరకు పోతుంది కాబట్టి ఒప్పుకోవద్దు. గోడ మీద రంగుకు సున్నపు వెల్ల చాలు. నమాజు చేసేవారి బట్టలకు అంటుతుందని భయపడి మెహరాబ్ గోడకు గ్రానైట్ పలకలు, టైల్స్ అతికించడం ఇప్పుడు బాగా ఎక్కువైంది. దాని ఫలితం సిమెంటు పూతకన్నా ఘోరం, ఎందుకంటే పాడైనా ఏళ్ల దాకా బయటికి కనపడదు. బట్టలకు అంటకుండా చాపో, చెక్క పలకో గోడకు కాస్త ఎడంగా నిలబెడితే సరిపోతుంది.

మసీదు పాతదైతే అది రక్షిత కట్టడమో కాదో ముందే కనుక్కోవాలి. కేంద్ర పురావస్తు శాఖ రక్షిత కట్టడం చుట్టూ 100 మీటర్ల దాకా కొత్త నిర్మాణం నిషేధం, ఆ తర్వాత 200 మీటర్లలో అనుమతి తప్పనిసరి. తెలంగాణలో 2017 హెరిటేజ్ చట్టం కూడా ఉంది. వక్ఫ్ ఆస్తి అయితే బోర్డుకు రాతపూర్వకంగా తెలపాలి. పని మొదలుపెట్టే ముందు ప్రతి గోడ, ప్రతి నగిషీ ఫోటో తీసి దాచుకోవడం మర్చిపోకూడదు. తర్వాత ఏది ఊడినా ఏ ఆకారంలో తిరిగి తీర్చాలో ఆ ఫోటోలే చెబుతాయి.

ఖర్చు మాటకొస్తే, సున్నం పని మొదట్లో సిమెంటు కన్నా ఎక్కువే పడుతుంది. సరుకు కన్నా కూలీ, సమయం ఎక్కువ. తెలిసిన చేతులు తగ్గిపోయాయి, కుతుబ్‌షాహీ సమాధుల వంటి చోట్ల పనిచేసి వచ్చిన వారిని వెతికి పట్టుకోవాలి. పని నేర్చుకునే కుర్రవాళ్లను ఒకరిద్దరిని వారి పక్కన పెట్టగలిగితే వచ్చేసారి వెతుకులాట తప్పుతుంది. అన్నిటికన్నా పెద్ద గండం తొందర. రంజాన్ లోపు అయిపోవాలని షాబాన్‌లో మొదలుపెడితే సున్నం పని కాదు. పూతకు పూతకు మధ్య ఆరడానికి రోజులు కావాలి, ఎండ మండిపోయే రోజుల్లో తడి గోనెపట్టాలు కప్పి ఉంచాలి, కుండపోత వానల్లో అసలు ముట్టుకోకూడదు. వానాకాలం వెళ్లాక మొదలుపెట్టి చలికాలం పొడవునా చేసుకుంటే పూత నిదానంగా, పగుళ్లు లేకుండా కుదురుకుంటుంది.